‘మ్లేచ్ఛ’ అంటే ఏమిటని కాబోయే అల్లుడు అడిగాడు

కోనసీమ నుంచి ఒక తల్లి ఆరు పేజీల ఉత్తరం రాశారు. పేర్లు, ఊరు తీసేసి విషయం మాత్రం చెబుతున్నాను.

ఆవిడ భర్త పోయి పదేళ్లయింది. అప్పటికి కూతురు ఇంటర్ చదువుతోంది. అప్పటి నుంచి ఇంటికి, ఆ పిల్ల చదువుకు దన్నుగా నిలబడింది భర్త అన్నగారే. ఆయన సంస్కృతం మాస్టారుగా చేసి రిటైరయ్యారు. చిన్నప్పుడు ఆ పిల్లను అరుగు మీద కూర్చోబెట్టుకుని అమరకోశం వల్లె వేయించిందీ ఆయనే. ఇప్పుడు అమ్మాయి జర్మనీలో ఉద్యోగం చేస్తోంది. అక్కడ పరిచయమైన గ్రీకు అబ్బాయిని, థెస్సలొనీకి నగరం వాడిని, చేసుకుంటానంది. పోయిన సంక్రాంతికి ఆ అబ్బాయి వచ్చి నాలుగు రోజులుండి, మిరియాల చారు మూడు గ్లాసులు తాగి వెళ్లాడు. బావగారు సరిగ్గా ఆ వారమే కాశీ వెళ్లిపోయారు. అయినా రెండేళ్లు నలిగి నలిగి చివరకు సరేనన్నారు. మాఘంలో ముహూర్తం పెట్టించారు. కన్యాదానం తానే చేస్తానన్నారు.

ఇంతలో ఒక ఆదివారం వీడియో కాల్. పెద్దాయనను మెప్పిద్దామని అబ్బాయి ‘శుక్లాంబరధరం’ నేర్చుకొచ్చి చదివాడు. గ్రీకువాళ్ల నోట ‘శ’ పలకదు. ‘సుక్లాంబరదరం విస్నుం’ అని వచ్చింది. బావగారు నవ్వి, పక్కవాళ్లతో ‘మ్లేచ్ఛుడు మ్లేచ్ఛుడే’ అన్నారు. ఫోన్ ఇంకా కట్ కాలేదు.

అబ్బాయి ఆ మాట పట్టుకున్నాడు. మర్నాడు ఈవిడకు ఫోన్ చేసి అర్థం అడిగాడు. కంగారులో ‘విదేశీయుడు అని బాబూ, అంతే’ అన్నారు. అతను సంబరపడి వాట్సాప్‌లో తన పేరు పక్కన ‘మ్లేచ్ఛ’ అని పెట్టుకున్నాడు. అది చూసి అమ్మాయి భగ్గుమంది. ‘పెదనాన్న తిట్టారు, నువ్వు అబద్ధం చెప్పావు’ అంది. ఆయన క్షమాపణ చెబితే తప్ప శుభలేఖ మీద ఆయన పేరు వద్దట. లేకపోతే అక్కడే రిజిస్టర్ చేసేసుకుంటుందట. బావగారేమో ‘శాస్త్రంలో ఉన్న మాట అన్నాను, క్షమాపణ దేనికి?’ అంటున్నారు. కన్యాదానం ఊసెత్తితే లేచి వెళ్లిపోతున్నారు. శుభలేఖ ప్రూఫు ప్రెస్సులో ఆగి ఉంది.

ఆవిడ అడిగినవి మూడు. ఆ మాట నిజంగా తిట్టేనా? నేను అబద్ధం చెప్పానా? ఇప్పుడు ఎవరి వైపు నిలబడాలి?

* * *

అమ్మా,

మీ రెండో ప్రశ్నతో మొదలుపెడతాను. మీకు నిద్ర పట్టనివ్వనిది అదేనని ఉత్తరం చదువుతుంటేనే తెలుస్తోంది. మీరు చెప్పింది అబద్ధం కాదు. అలాగని పూర్తి నిజమూ కాదు. ఆ మాటకు పొరలు చాలా ఉన్నాయి, వాటిలో మెత్తటిది తీసి అతని చేతిలో పెట్టారు. ఆ కంగారులో ఏ తల్లయినా అదే చేసేది.

మ్లేచ్ఛ అన్న మాట మొదట మనిషి రంగునో మతాన్నో చూసి పుట్టలేదు, నోటిని చూసి పుట్టింది. సంస్కృత ధాతువుల పట్టిక అయిన ధాతుపాఠంలో ‘మ్లేచ్ఛ అవ్యక్తే శబ్దే’ అని ఉంది. అంటే పలుకు స్పష్టంగా లేకపోవడం. శతపథ బ్రాహ్మణమనే వేదగ్రంథంలో దీనికో కథ చెబుతారు. దేవతలతో తగాదాలో అసురులు ‘హేఽలవో హేఽలవః’ అని అరుస్తూ ఓడిపోయారట. క్రీ.పూ. 2వ శతాబ్దంలో పతంజలి తన వ్యాకరణ గ్రంథం మహాభాష్యం మొదట్లోనే ఈ కథ ఎత్తుకుంటాడు. అక్కడ వాళ్ల కేక ‘హేలయో హేలయః’. అనవలసింది ‘హే అరయః’, ఓ శత్రువులారా అని. రకారం పలకవలసిన చోట లకారం పలికారు, అదే వాళ్ల నేరం. కాబట్టి మ్లేచ్ఛంగా మాట్లాడకూడదు, వ్యాకరణం చదవాలి అంటాడు పతంజలి.

ఇప్పుడు మీ ఇంట్లో జరిగింది చూడండి. శకారం పలకవలసిన చోట సకారం పలికింది. జీవితమంతా పాఠం చెప్పిన మనిషి చెవిలో ఆ క్షణాన మహాభాష్యమే మోగి ఉండొచ్చు. కోపంతో కాదు, నవ్వుతూ అన్నారని మీరే రాశారు. ఇంతవరకు ఆయన తరఫున నేనూ మాట్లాడతాను. (మాటవరసకు చెబుతున్నాను, వినాయక చవితి పందిళ్లలో మైకు పట్టుకుని ‘సుక్లాంబరధరం’ అని చదివేవాళ్లు మన ఊళ్లలో వీధికి ఇద్దరు దొరుకుతారు. వాళ్లను ఎవరూ మ్లేచ్ఛులనలేదు.)

కానీ ఆయన ‘మ్లేచ్ఛంగా పలికాడు’ అనలేదు. ‘మ్లేచ్ఛుడు మ్లేచ్ఛుడే’ అన్నారు. ఆ చివరి ఏకారం పలుకును వదిలేసి మనిషిని పట్టుకుంది. నువ్వు ఎన్ని శ్లోకాలు నేర్చుకున్నా ఇంతే అని దాని అర్థం. మీ అమ్మాయికి గుచ్చుకున్నది ఆ ఏకారమే. కాబట్టి మీ మొదటి ప్రశ్నకు నా జవాబు, అవును, ఆ వాక్యంలో అది తిట్టే. పుట్టుకలో ఏ అర్థం ఉన్నా, ఇవాళ తెలుగు ఇంట్లో ఆ మాట విన్నవాడికి ‘శుచి లేనివాడు, మనవాడు కానివాడు’ అనే వినిపిస్తుంది. ‘శాస్త్రంలో ఉంది’ అన్నంత మాత్రాన అది తిట్టు కాకుండా పోదు. మన తిట్లలో సగం శాస్త్రాల్లోనూ ఉన్నాయి.

మాట పలుకు దగ్గర మొదలై మనిషి దాకా ఎలా వచ్చిందో బావగారికి నాకంటే బాగా తెలుసు. అమరకోశంలో ‘ప్రత్యంతో మ్లేచ్ఛదేశః స్యాత్’ అనేసరికి అది ఒక ప్రాంతం అయింది, సరిహద్దు అవతలి నేల. కిరాత, శబర, పుళిందులను మ్లేచ్ఛజాతులని అదే కోశం చెప్పేసరికి మనుషుల గుంపులయ్యాయి. ధర్మశాస్త్రాలకు వచ్చేసరికి ఆచారం లేనివాళ్లన్న ముద్ర పడింది. దాని మూలం సంస్కృతంలోదేనా, బయటి నుంచి వచ్చిందా అన్నది పండితులు ఇంకా తేల్చుకోలేదు. పాలీలో ‘మిలక్ఖ’ అనే రూపం ఉంది. ఇప్పటి ఇరాక్ ప్రాంతపు పాత రాజ్యాలు సుమేరు, అక్కాదుల మట్టిపలకల మీద సింధు ప్రాంతాన్ని ‘మెలుహ్హ’ అన్నారు కదా, ఆ పేరే మ్లేచ్ఛ అయిందని కొందరి ఊహ. నాలుగు వేల ఏళ్ల కిందట అక్కడి రాజు సర్గోను మెలుహ్హ నుంచి వచ్చిన ఓడలు తన రేవులో ఆగాయని గొప్పగా రాయించుకున్నాడు. ఆ ఊహే నిజమైతే, ఈ నేల పాత పేరే తర్వాత పరాయివాళ్ల మీద వేసే ముద్ర అయిందన్నమాట. ఊహ మాత్రమే, దీన్ని పట్టుకుని ఎవరితోనూ వాదించకండి.

గ్రీకువాళ్లూ ఇదే పని చేశారు. తమ భాష రానివాళ్ల మాట ‘బర్ బర్’ అని వినిపిస్తుందని వాళ్లను ‘బార్బరోస్’ అన్నారు. సంస్కృతంలో ‘బర్బర’ ఉంది, మనం ఇప్పటికీ బర్బరులు అంటాం. మీ అబ్బాయి పూర్వీకుల లెక్కలో మీరూ, నేనూ, బావగారూ, పతంజలీ అందరం బార్బరోస్‌లమే. అతనికి నిజం చెప్పవలసి వస్తే ఇంతకంటే సుళువైన దారి నాకు తోచడం లేదు. ‘మీ వాళ్లు మమ్మల్ని ఏమన్నారో మా వాళ్లు మిమ్మల్ని అదే అన్నారు’ అంటే ఒక్క నిమిషంలో అర్థమవుతుంది, ఎందుకంటే ఆ మాట వాళ్ల భాషలో ఇప్పటికీ ఉంది, మర్యాదైన మాట కాదు.

అతనికి సొంతంగా ఇంకో మంచి పేరుంది, అది చెప్పడం మీరు మరిచిపోయారు. యవనుడు. గ్రీకుల్లో అయోనియా ప్రాంతం వాళ్లు తమను ‘ఇయావోనెస్’ అనుకునేవారు. వాళ్లను పాలించిన పారశీకులు ‘యౌన’ అన్నారు. క్రీ.పూ. 520 ప్రాంతంలో మొదటి డేరియస్ బెహిస్తున్ కొండ మీద చెక్కించిన శాసనంలో ఆ మాట ఉంది. పారశీకుల నోటి నుంచి మనకు వచ్చి ప్రాకృతంలో ‘యోన’, సంస్కృతంలో ‘యవన’ అయింది. పాణిని సూత్రంలోనే యవన శబ్దం ఉంది. దాని స్త్రీరూపం ‘యవనానీ’ అంటే యవనుల లిపి అని కాత్యాయనుడు వివరించాడు. అశోకుడి 13వ శిలాశాసనంలో ‘అంతియోక’ అనే యోనరాజు పేరుంది. హైదరాబాదులో చార్మినార్ పక్కన యునానీ ఆసుపత్రి ఉంది కదా, ఆ యునానీ కూడా ఇదే మాట, అరబ్బు పారశీకాల మీదుగా చుట్టు తిరిగి వచ్చింది. ఒక్క పేరు రెండు దారుల్లో మన ఇంటికి చేరింది.

ఈ యవన శబ్దం తర్వాత గ్రీకుల దగ్గరే ఆగలేదు లెండి. పడమటి నుంచి ఎవరు వస్తే వాళ్ల మీదికి జారింది. విజయనగరం నాటికి ముస్లిం సుల్తానులు యవనులు. శ్రీకృష్ణదేవరాయలకు ‘యవనరాజ్యస్థాపనాచార్య’ అని బిరుదు. హూణులన్న పేరూ అంతే. గుప్తుల కాలంలో దండెత్తి వచ్చిన గుంపు పేరది, 19వ శతాబ్దపు తెలుగులో ఇంగ్లీషుకు ‘హూణభాష’ అని పేరైంది. ఫ్రాంకు అన్న పేరు పారశీకంలో ఫరంగీ అయి, మన దగ్గరికొచ్చి ఒక చోట ఫిరంగి అయింది, ఇంకో చోట పరంగి అయింది. కొన్ని జిల్లాల్లో బొప్పాయిని పరంగికాయ అంటారు, తింటున్నవాడికి యూరప్ గుర్తు రాదు.

శకులకు పట్టిన అదృష్టం మాత్రం ఎవరికీ పట్టలేదు. మధ్య ఆసియా నుంచి వచ్చినవాళ్లు. మన శాతవాహన రాజు గౌతమీపుత్ర శాతకర్ణిని ఆయన తల్లి గౌతమీ బలశ్రీ నాసిక్ శాసనంలో ‘శక యవన పహ్లవ నిషూదన’, అంటే వాళ్లను నాశనం చేసినవాడు అని కీర్తించింది. అలా తరిమేయాలనుకున్న వాళ్ల పేరే చివరకు కాలానికి పేరైంది. క్రీ.శ. 78లో మొదలైన లెక్కను శాలివాహన శకం అన్నాం. ఇప్పుడు ‘శకం’ అంటేనే యుగం. క్రీస్తుకు కూడా శకమే తగిలించి క్రీ.శ. అంటున్నాం. ఇంకో సంగతి మీకు పనికొస్తుంది. అదే వంశంలోని వాసిష్ఠీపుత్ర శాతకర్ణి శక మహాక్షత్రపుడి (శక రాజుల బిరుదది) కూతురిని పెళ్లి చేసుకున్నాడు. ఆ సంగతి కాన్హేరి గుహ శాసనంలో ఉంది. రుద్రదాముడనే ఆ శక రాజు 150 ప్రాంతంలో జునాగఢ్‌లో వేయించిన శాసనంలో, దక్షిణాపథపతి శాతకర్ణిని రెండుసార్లు ఓడించానని, దగ్గరి చుట్టరికం వల్ల నాశనం చేయకుండా వదిలానని చెప్పుకున్నాడు. వియ్యం ప్రాణం కాపాడిందన్నమాట. చక్కటి సంస్కృత గద్యంలో మనకు దొరికిన తొలి పెద్ద శాసనం ఆ శకుడిదే.

ఇప్పుడు మీ ఇంటి ముహూర్తం సంగతికి వద్దాం. మాఘంలో లగ్నం పెట్టినప్పుడు సప్తమ శుద్ధి, అంటే లగ్నం నుంచి ఏడో ఇల్లు ఖాళీగా ఉందా అని చూసే ఉంటారు, జామిత్ర శుద్ధి అని కూడా అంటారు. ఆ జామిత్రం గ్రీకు ‘దియామెత్రోన్’. ‘గురువు కేంద్రంలో ఉన్నాడు’ అని ఉంటారు, ఆ కేంద్రం గ్రీకు ‘కెంత్రోన్’. హోర కూడా వాళ్లదే. కేంద్రం నిధులు ఇవ్వలేదని రోజూ టీవీలో అరిచేవాళ్లకు తాము గ్రీకు మాట అంటున్నామని తెలియదు. 6వ శతాబ్దపు జ్యోతిష పండితుడు వరాహమిహిరుడు ఈ అప్పును దాచుకోలేదు. బృహత్సంహితలో ఇలా అన్నాడు:

‘మ్లేచ్ఛా హి యవనాస్తేషు సమ్యక్ శాస్త్రమిదం స్థితమ్
ఋషివత్తేఽపి పూజ్యంతే’

యవనులు మ్లేచ్ఛులే, కానీ ఈ శాస్త్రం వాళ్ల దగ్గర చక్కగా నిలిచి ఉంది, కాబట్టి వాళ్లూ ఋషుల్లా పూజలందుకుంటున్నారు అని. అలాంటప్పుడు దైవజ్ఞుడైన బ్రాహ్మణుడి మాట చెప్పాలా అని ముగిస్తాడు. తనవాళ్ల గొప్ప చెప్పుకోవడానికే ఈ పోలిక తెచ్చాడు, నిజమే. అయినా మీ అల్లుడి పూర్వీకులను మ్లేచ్ఛులనీ, ఋషుల్లాంటివాళ్లనీ ఒకే శ్వాసలో అనగలిగాడు. మీ బావగారు మొదటి సగం దగ్గర ఆగిపోయారు.

వేదవాక్యాలకు అర్థం తేల్చే మీమాంసకులు ఇంకా ముందుకు వెళ్లారు. వేదంలో కనిపించే పిక, నేమ, సత, తామరస అన్న మాటలు ఆర్యుల వాడుకలో లేవు, మ్లేచ్ఛుల వాడుకలో ఉన్నాయి, అప్పుడు అర్థం ఎవరిని అడగాలి అని వాళ్లలో ఒకడైన శబరస్వామి ప్రశ్న వేసుకున్నాడు. మ్లేచ్ఛులనే అడగాలి అని తేల్చాడు. పిక అంటే కోకిల, నేమ అంటే సగం, సత అంటే గుండ్రటి చెక్క పాత్ర. నాలుగోదాని అర్థం మీకు నేను చెప్పక్కర్లేదు. మన చెరువుల్లో పూసే తామరే. ఆ మాట మొదట ఎవరిదన్నది వేరే చర్చ. కానీ శబరుడి జాబితా ప్రకారం తామర అన్నవాడు మ్లేచ్ఛుడు. తర్వాత ఇంకో మీమాంసకుడు కుమారిల భట్టు, ద్రావిడాది భాషల మాటలను సంస్కృతంలోకి లాగి అర్థాలు చెప్పేవాళ్లను ఆటపట్టించాడు. కడుపును ‘వైర్’ అంటే దాన్ని ‘వైరి’ చేస్తారు, పామును ‘పాంప్’ అంటే ‘పాప’ చేస్తారు, ఇక పారశీక, బర్బర, యవన, రౌమక భాషలను ఏం చేస్తారో అన్నాడు. అంటే ఆయన లెక్కలో మనవైపు భాషలు ఏ వరసలో ఉన్నాయో చూడండి.

నేను అసలు చెప్పాలనుకున్నది ఇది. ఆ వరసలో మనం ఉన్నాం. భాగవతంలో ‘కిరాత హూణాంధ్ర పుళింద పుల్కసా’ అని ఒక శ్లోకం మొదలవుతుంది. హూణులకూ పుళిందులకూ మధ్య ఆంధ్రులు. అదే వరసలో కాస్త ముందుకు వెళ్తే యవనులు. మీ బావగారూ మీ అల్లుడూ ఒకే శ్లోకంలో పక్కపక్కనే ఉన్నారు. దానికంటే చాలా పాతది ఐతరేయ బ్రాహ్మణం. ఆంధ్రుల పేరు కనిపించే అతి పాత చోట్లలో అదొకటి. అక్కడ కథ ఏమిటంటే, యజ్ఞపశువుగా అమ్ముడుపోయిన శునఃశేపుణ్ని విశ్వామిత్రుడు కొడుకుగా చేసుకుని, తన నూటొక్క మంది కొడుకులకు పెద్దవాడిగా నిలబెట్టాడు. నడిమివాడు మధుచ్ఛందుడు, అతని కంటే చిన్నవాళ్లు యాభై మంది ఒప్పుకున్నారు. పెద్దవాళ్లు యాభై మంది, పరాయివాడు మాకు అన్న ఏమిటని ఒప్పుకోలేదు. ‘మీ సంతానం అంచుల్లో పడి ఉంటుంది పొండి’ అని తండ్రి శపించాడు. వాళ్లే ఆంధ్రులు, పుండ్రులు, శబరులు, పుళిందులు, మూతిబులు, దస్యుల్లో ఎక్కువమంది వాళ్లే అంటుంది ఆ గ్రంథం.

మళ్లీ చదవండి. ఇంటికి కొత్తగా వచ్చిన పరాయివాణ్ని ఒప్పుకోనందుకు, వాళ్లను ఇంటి అంచుకు తోసేశారు.

ఈ కథను మీరు బావగారి మొహాన విసరొద్దు. విసరాలని నాకే ఉంది, అందుకే ముందు జాగ్రత్తగా చెబుతున్నాను. ఇలాంటివి నేను పది చెబితే ఆయన పదిహేను తీస్తారు. మనుస్మృతి తీస్తారు, శతపథం తీస్తారు. శాస్త్రంలో రెండు వైపులా వాక్యాలున్నాయి. నలుగురి ముందు ఓడిన పండితుడు కన్యాదానం పీటల మీదికి రాడు. గెలిచిన పండితుడూ రాడు. ఆయన అహం సంగతి అటుంచండి. కాశీ ప్రయాణం సరిగ్గా ఆ వారమే ఎందుకు పడిందో మీకూ తెలుసు. తను పెంచిన పిల్ల చేయి దాటిపోతోందన్న బెంగ ఒకటి ఆయనకు ఉంది. దాన్ని ఆయన సంస్కృతంలో తప్ప చెప్పుకోలేరు.

ఇక మీ ముందున్న దారులు.

మొదటిది, ఏమీ కదపకుండా ఊరుకోవడం. పెళ్లి హడావుడిలో అదే సర్దుకుంటుందని మీ తోడికోడలు అంటున్నారని రాశారు. సర్దుకోవచ్చు. కానీ ఆ అబ్బాయి ఫోన్‌లో ఆ మాట ఉంది. పెళ్లికి వచ్చే చుట్టాల్లో కుర్రకారు అతని నంబరు సేవ్ చేసుకుంటారు. ఎవడో ఒకడు పడీపడీ నవ్వి అర్థం చెబుతాడు. అప్పుడు అతనికి బాధ పెదనాన్నగారి మాట వల్ల కాదు, అత్తగారు దాచినందుకు. అందుకని అతనికి నిజం చెప్పే పని మాత్రం మీరే, ముహూర్తానికి ముందే చేస్తే మంచిదని నాకనిపిస్తుంది. వీడియో కాల్‌లో, అమ్మాయి పక్కన ఉండగా. బార్బరోస్ సంగతితో మొదలుపెట్టి, ‘ఆ రోజు నీకు సగమే చెప్పాను బాబూ’ అనండి. అతను ఆ పేరు తీసేయొచ్చు. సరదా మనిషిలా ఉన్నాడు, తీయకపోవచ్చు కూడా. అది అతని ఇష్టం.

రెండోది, అమ్మాయి కోరినట్టు బావగారిని క్షమాపణ అడగడం. ఈ తరం పిల్లలకు క్షమాపణ అంటే ఒక మాట. ఆ తరం మనిషికి అది తల వంచడం. మీరు అడిగితే, తమ్ముడి భార్య తనను నిలదీసిందన్న బాధ మిగులుతుంది, పదేళ్ల రుణం మీ ఇద్దరి మధ్యకి వస్తుంది. అమ్మాయి అడిగితే వేరు. అదీ క్షమాపణలా కాకుండా శిష్యురాలి సందేహంలా అడగాలి. ‘పెదనాన్నా, వరాహమిహిరుడు ఋషివత్ అన్నాడు కదా, మీరెందుకు అలా అన్నారు?’ అని ఒక్కతే ఫోన్ చేసి అడిగితే ఆయన జవాబు చెప్పక తప్పదు. అరుగు మీద పాఠం చెప్పిన మనిషి ఆయన. శిష్యురాలి ప్రశ్నకు తలుపు వేసుకోలేరు. ఇందులో ఒక ప్రమాదం లేకపోలేదు. ఆయన ‘అవును, అలాగే అంటాను’ అంటే అమ్మాయికి చిన్నప్పటి గురువు పోతాడు. ఆ మాట వినడానికి సిద్ధంగా ఉంటేనే ఫోన్ చేయమనండి.

మూడోది, కన్యాదానానికి వేరొకరిని చూసుకోవడం. మీ తమ్ముడు సిద్ధంగా ఉన్నాడని రాశారు. మేనమామ చేయడం మన ఇళ్లలో కొత్తేమీ కాదు. పెళ్లి ఆగదు. కానీ ఆ నిర్ణయం ఒకసారి బయటికి వచ్చాక బావగారు మనసు మార్చుకున్నా తిరిగి రావడానికి పీట ఉండదు. కాబట్టి తమ్ముడితో మాట్లాడి ఉంచుకోండి, చాటింపు వేయకండి.

శుభలేఖ గొడవ నాకు వీటన్నిటిలో చిన్నదిగా కనిపిస్తోంది. ‘మా బావగారి ఆశీస్సులతో’ అని ఆయన పేరు, ఆహ్వానించేవారుగా మీ పేరు వేయించొచ్చు. పెదనాన్న పేరు కింద తన పెళ్లి జరగడం అమ్మాయికి ఇష్టం లేదు, పేరే లేకపోవడం మీకు ఇష్టం లేదు. ఇద్దరికీ సగం సగం.

మీరు అడగనిది ఒకటి. పంతులుగారి చేత పెళ్లి చేయించినంత మాత్రాన చట్టం ముందు పని పూర్తి కాదు. హిందూ వివాహ చట్టం ఇద్దరూ హిందువులైతేనే వర్తిస్తుంది. ఇక్కడ రిజిస్టర్ చేయాలంటే 1954 నాటి ప్రత్యేక వివాహ చట్టం కింద నోటీసు ఇవ్వాలి. ఇద్దరిలో ఒకరైనా అప్పటికి 30 రోజులుగా ఆ జిల్లాలో ఉంటూ ఉండాలి, నోటీసు తర్వాత ఇంకో 30 రోజులు ఆగాలి. జర్మనీలో ఉద్యోగాలున్న వాళ్లకు ఇంత సెలవు దొరకదు. అక్కడ రిజిస్టర్ చేసుకుని ఇక్కడ తంతు జరిపించుకునేవాళ్లు చాలామంది. అంటే అమ్మాయి బెదిరింపుగా అన్న మాట ఎలాగూ చేయవలసిన పనే కావచ్చు. దాన్ని బెదిరింపులా తీసుకోకండి.

ఎవరి వైపు నిలబడాలన్నారు. అమ్మాయి చెప్పిన దాంట్లో తప్పు లేదు, ఆ మాట ఆమెకు కాబోయే భర్తను గాయపరిచేదే. బావగారు మీకు చేసిన మేలు కూడా ఈ ఒక్క మాటతో చెరిగిపోదు. మీరు ఒకవైపు నిలబడి రెండోవైపు వీపు పెట్టనక్కర్లేదు. మాట విషయంలో అమ్మాయి వైపు, మనిషి విషయంలో ఆయన వైపు ఉండొచ్చు. అలా ఉంటే ఇద్దరూ మీ మీద విసుక్కుంటారు, అది మాత్రం ఖాయం. కొన్నాళ్లు ఓర్చుకోవాలి.

ప్రెస్సు వాళ్లకు ఇంకో పది రోజులు ఆగమని చెప్పండి. ఈలోగా మీ తోడికోడలిని ఒకసారి భోజనానికి పిలవండి. బావగారితో ఏ మాట ఎప్పుడు ఎత్తాలో ఆవిడకు తెలిసినట్టు మనకు తెలియదు. బావగారు కూడా వస్తే మిరియాల చారు పెట్టండి. మిరియాలకు సంస్కృతంలో ‘యవనప్రియం’ అని ఒక పేరుంది. మీ అబ్బాయి మూడు గ్లాసులు తాగిన సంగతి చెప్పి, ఆ పేరు ఎందుకొచ్చిందో బావగారినే అడగండి.